పోని తంతికి నమస్కారం

లోకంలో టెలిగ్రాం తంతులు రెండు రకాలు. చేరేవి, చేరనివి. చేరే తంతి చెడ్డది, చేరని తంతి మంచిది. ఇంత చిన్న సంగతి ఈ దేశంలో ఎవరికీ ఎందుకు తట్టలేదో నాకు తెలియదు!

పేపరు తెరిస్తే చాలు, ఎవరో ఒకరు సంపాదకుడికి ఉత్తరం రాసి ఉంటారు. తంతి ఇచ్చి నాలుగు రోజులైంది, ఇంకా చేరలేదు, అడిగే నాథుడు లేడా అని. అయ్యా, మీకు జరిగింది మేలు. మీ తంతి చేరనందువల్ల ఎక్కడో ఒక ఇంట్లో నాలుగు రోజులు ఎక్కువగా పొయ్యి వెలిగింది. కడుపునిండా తిని, వీధి అరుగు మీద కూర్చుని కబుర్లు చెప్పుకున్నారు. ఆ పుణ్యం మీకు అక్కర్లేదా?

నాకు ఊహ తెలిసినప్పటినుంచి మా గడపకు వచ్చిన తంతులన్నీ గుర్తున్నాయి. "అందరం బాగున్నాం, ఊరికే పలకరించాలనిపించింది" అని ఒక్కటి రాలేదు. పోయినవాళ్ళ సంగతి, పోబోయేవాళ్ళ సంగతి, ఫలానా రోజు రైలెక్కుతున్నాం అన్న సంగతి. అంతే. అందుకే తంతి లైను చెడిందని విన్నప్పుడల్లా దేవుడి పటం ముందు ఒక కర్పూరం బిళ్ళ ఎక్కువ వెలిగిస్తాను. ఈ పూటకు ఎవరూ ఎక్కడికీ పోలేదు. పోయినా నాకు తెలియదు. ముసలిదానికి అంతకన్నా ఏం కావాలి?

ఋజువులు అడుగుతారేమో. ఉన్నాయి.

మా వీధిలో డ్రాయింగ్ మాస్టరు ఒకాయన ఉన్నాడు. ఆయనను రామనాథపురం బదిలీ చేస్తూ తంతి ఇచ్చారు. అది రాలేదు. వారం తరువాత ఆ బదిలీ రద్దు చేస్తూ ఇంకొకటి ఇచ్చారు. రెండూ ఒకే రోజు, ఒకే ప్యూను చేతిలో, ఒకదాని కింద ఒకటి వచ్చాయి. వేళకు వచ్చి ఉంటే ఆ కుటుంబం సముద్రం ఒడ్డుదాకా పోయి, బీరువా కాలు విరగ్గొట్టుకుని తిరిగి వచ్చేది. ఇప్పుడా బీరువా నాలుగు కాళ్ళ మీదా నిలబడి ఉంది. పోయి చూసుకోవచ్చు.

ఇంకొక ఇంట్లో పెళ్ళికి పిలుపు సరిగా అందలేదని పిల్ల మేనమామకు కోపం వచ్చింది. "పెళ్ళి ఆపండి" అని తంతి కొట్టాడు. పెళ్ళయి, పిల్లకు బిడ్డ పుట్టి, ఆ బిడ్డను తొట్టిలో వేసేనాడు ఆ తంతి చేరింది. మేనమామ అప్పుడు పంక్తిలో కూర్చుని రెండోసారి పాయసం పోయించుకుంటున్నాడు. కాగితం చదివి వినిపిస్తే, అక్షరాలు పొందికగా ఉన్నాయని మెచ్చుకున్నాడు.

చేరే తంతి ఎంత ప్రమాదమో తెలియాలంటే మా ధర్మపురి వైపు ఆచారం ఒకటి చెప్పాలి. తమిళనాడులో ఉన్న మా తెలుగు ఇళ్ళలో చాలామందికి తెలుగు చదవడం రాదు. తమిళం కొందరికి వస్తుంది. ఇంగ్లీషు మూడు వీధులకు ఒకరికి. తంతి వచ్చేది ఇంగ్లీషులో. కాబట్టి ప్యూను సైకిలు దిగగానే ఆడవాళ్ళు కొప్పు విప్పి ఏడుపు మొదలుపెడతారు. ఎవరికోసం అన్నది చదివేవాడు వచ్చాక తెలుస్తుంది. అతను వచ్చేదాకా ఊరికే కూర్చుంటే చూసేవాళ్ళు ఏమనుకుంటారు?

రామసామి ఇంట్లో ఇలాగే అయింది. తంతి వచ్చింది, పొయ్యిలో నీళ్ళు చల్లారు, చుట్టుపక్కల ఆడవాళ్ళు చేరారు, ఒకతను వెదురు బొంగులకు బయలుదేరాడు. అప్పుడు డ్రాయింగ్ మాస్టరు వచ్చి చదివితే, రామసామి కొడుక్కి ఆంబూరులో తోళ్ళ ఫ్యాక్టరీలో ఉద్యోగం దొరికిందని ఉంది. మొదలుపెట్టిన ఏడుపును మధ్యలో వదిలేయకూడదని పెద్దవాళ్ళు తేల్చారు. మూడు రోజులు తాలింపు లేని కూర తిని, పసుపునీళ్ళు చల్లుకుని, నాలుగో రోజు ఉద్యోగం వచ్చినందుకు విందు పెట్టారు.

ఇవన్నీ చిల్లర సాక్ష్యాలు. అసలు సాక్ష్యం రంగమ్మ. ఈ సంగతి నిరుడు, ఎనభై నాలుగో సంవత్సరం, చిత్తిర నెల ఎండల్లో జరిగింది. ఆమె మా అరుగు మీద కూర్చుని నాకు చెప్పింది చెప్పినట్టే ఇక్కడ పెడుతున్నాను. మా ఊళ్ళో ఏ తంతి ఆఫీసన్నది మాత్రం చెప్పను. ఇంత మేలు చేసిన ఆఫీసును బయటపెడితే, రేపు ఎవరైనా వచ్చి బాగుచేసినా బాగుచేస్తారు.

రంగమ్మది మా ఇంటికి నాలుగిళ్ళ అవతల. చింతపండు గింజ తీసి అమ్ముతుంది. ఆమె చెల్లెలు పంచవర్ణం మారండహళ్ళిలో ఉండేది. వంకాయలు, టమాటాలు పండించే ఇల్లు. మా బస్టాండులో ఎక్కితే గంటన్నరలో దింపుతాడు.

ఆ గంటన్నర దూరం పదకొండేళ్ళుగా ఎవరూ దాటలేదు. కారణం వడ.

రంగమ్మ మనవరాలికి చెవులు కుట్టించిన రోజున పంచవర్ణం ఎక్కిన బస్సు ఆలస్యమైంది. ఆమె చివరి పంక్తిలో కూర్చుంది. అప్పటికి వడలు అయిపోయాయి. సొంత చెల్లెలి ఆకులో వడ లేదు. పంచవర్ణం ఆకు ముందునుంచి లేచి, వాకిట్లో చెప్పులు వేసుకుని, నీ గడప ఇక తొక్కను అంది. రంగమ్మ చేతిలో సాంబారు గరిటె ఉంది. నీ గడప నేనూ తొక్కను అని ఆమె కూడా అంది. పందిట్లో వందమంది విన్నారు. వందమంది విన్న మాటను ఇద్దరు వెనక్కి తీసుకోవడం ఎలా?

మా కులంలో ఇలాంటి పంతానికి ఒకే ఒక్క మినహాయింపు. చావు. ఎంత మాట అనుకున్నా చావింటికి రావాలి. అక్కడ గడప లెక్క లేదు.

అలాగని అక్కాచెల్లెళ్ళు ఒకరినొకరు వదిలేశారని అనుకోవద్దు. ఏటా చిత్తిరలో చింతపండు గంప ఒకటి మారండహళ్ళి బస్సు ఎక్కేది. ఎవరు పంపారో కండక్టరు చెప్పేవాడు కాదు, చెప్పొద్దని ఆజ్ఞ. పది రోజులకు అదే గంపలో వంకాయలు తిరిగి వచ్చేవి. అవి ఎవరివో రంగమ్మ అడిగేది కాదు. గంపకు పంతం లేదు కాబట్టి పదకొండేళ్ళు అది తిరిగింది.

నిరుడు ఒక సోమవారం గంప ఖాళీగా వచ్చింది. కండక్టరు దాన్ని దింపి, ఈసారి ఒక మాట కూడా దింపాడు. పంచవర్ణం నేల అమ్మేసింది. కొడుకు కన్నప్పన్ హుబ్బళ్ళిలో లారీల రిపేరు షెడ్డు పెట్టాడు, ఆమెను తీసుకుపోతున్నాడు. శుక్రవారం పది గంటలకు హోసూరు బస్సు, అక్కడినుంచి బెంగళూరు, ఆ పైన రైలు. గంప ఇక తిరిగి పంపనక్కరలేదట.

రంగమ్మ గంపను బోర్లించి చూసింది. అడుగున ఒక వంకాయ తొడిమ ఉంది. దాన్ని కొంగున ముడేసుకుని తంతి ఆఫీసుకు పోయింది.

తంతి ఎందుకు? కండక్టరుతో మాట పంపితే దారిలో పాలక్కోడు దాటేలోగా బస్సంతా తెలిసిపోతుంది. ఉత్తరం రాయించి పంపితే శుక్రవారంలోగా చేరుతుందో లేదో. తంతి అయితే ఇంగ్లీషులో పోతుంది, గుట్టుగా ఉంటుంది, పరువు దక్కుతుంది. ఎంత తెలివైన ఆలోచనో చూడండి.

కౌంటరులో ఆంజనేయన్ ఉన్నాడు. అందరితో తమిళం మాట్లాడతాడు గాని, ముసలి ఆడవాళ్ళు వస్తే ఇంటి తెలుగులోకి దిగుతాడు. అవ్వా, చెప్పు, నేను రాసుకుంటా అన్నాడు.

రంగమ్మ చెప్పింది. చావు కాదు, ఏడవొద్దు. ఆ పొద్దు వడలు తగ్గింది వంటవాడి వల్ల, నావల్ల కాదు. నీ బస్సు ఆలస్యమయింది. అయినా ఆకు ముందునుంచి లేస్తారా. అమ్మ కంచు చెంబు నీ దగ్గరే ఉండాది, అది ఎవరికి రావాలో నీకు తెలుసు. నేల అమ్మేటప్పుడు ఒక మాట అడిగినావా. హుబ్బళ్ళిలో నీకు ఎవరుండారు. పోయేముందు వచ్చి పో.

ఆంజనేయన్ కలం కింద పెట్టాడు. ఇంత పొడుగు తంతి పోదు, సగం దారిలో తెగుతుంది అన్నాడు. ముందుగా "చావు కాదు" కొట్టేశాడు. చావు అన్న మాట కనబడితే పై ఆఫీసులో చావు తంతి అనుకుంటారట. తరువాత కంచు చెంబు కొట్టేశాడు. మిగిలినదాన్ని ఇంగ్లీషులోకి దించి, మీట మీద వేలు పెట్టి టకటకలాడించాడు. పై ఆఫీసు నుంచి జవాబు లేదు.

పాఠకులారా, పోని తంతిని పంపించడం ఒక శాస్త్రం. ఆంజనేయన్ ఆ శాస్త్రంలో దిట్ట. మీట కింద స్క్రూ బిగించాడు. పోలేదు. స్క్రూ వదులు చేశాడు. పోలేదు. శబ్దం బాగా వినిపించడానికి పెట్టిన సిగరెట్ డబ్బాను ఇటునుంచి అటు తిప్పాడు. బ్యాటరీ జాడీల్లో నీళ్ళు పోశాడు. తీగ మొత్తం ఊడబీకి, మనసులో ఇరవై లెక్కపెట్టి, మళ్ళీ తగిలించాడు. చాలా రోగాలు దీనితోనే కుదురుతాయట. కుదరలేదు. చివరికి, అవ్వా, నువ్వు ఒకసారి బయటికి పోయి మళ్ళీ లోపలికి రా, అన్నాడు. రంగమ్మ పోయి వచ్చింది. అప్పుడూ పోలేదు.

మంగళవారం చిరునామా మీద అనుమానం వచ్చింది. రంగమ్మ ఇచ్చిన చిరునామా ఇది: మారండహళ్ళిలో బస్సు దిగి, సంత పక్క సందులో, రెండు మునగచెట్ల ఇల్లు, వాకిట్లో కుక్క ఉంటుంది, అరుస్తుంది, కరవదు. ఆంజనేయన్ కుక్కను తీసేశాడు. అది చాలా మంచి కుక్క అని రంగమ్మ బాధపడింది. మునగచెట్లు కూడా తీసేశాడు. అయినా పోలేదు. అప్పుడు లైన్‌మన్ వచ్చి, చెట్టికరై దగ్గర తుమ్మకొమ్మ తీగ మీద పడి ఉందని చెప్పాడు. కొమ్మ కొట్టడానికి సాయంత్రమయింది.

ఈలోగా ఆమె బెంచీ మీద కూర్చుని ఉంది కాబట్టి, ఆంజనేయన్ ఫారం తీసి మళ్ళీ మళ్ళీ చదివి వినిపించాడు. తంతి ఎంత పొట్టిగా ఉంటే అంత సులువుగా పోతుంది అన్నాడు. రంగమ్మ ఆలోచించి వంటవాణ్ణి తీసెయ్యమంది. కొంతసేపయ్యాక బస్సు ఆలస్యం తీసెయ్యమంది. తీస్తూ పోతే ఆకు ముందునుంచి లేవడమూ పోయింది, నేల అమ్మడమూ పోయింది. చివరికి ఫారం మీద రెండే మాటలు మిగిలాయి. వచ్చి పో.

గమనించారా? పదకొండేళ్ళ తగువును ఒక చెడిపోయిన లైను రెండు రోజుల్లో రెండు మాటలకు దించింది! కులపెద్దలు చేయలేదు, చుట్టాలు చేయలేదు, నడుస్తున్న తంతి ఏదీ చేయలేదు. మొదటిరోజే లైను బాగుండి ఉంటే, కంచు చెంబుతో సహా మొత్తం తగువు మారండహళ్ళి చేరి ఉండేది.

బుధవారం లైను బాగయింది. పై ఆఫీసు జవాబు ఇస్తోంది. అయినా "వచ్చి పో" కదలలేదు. కౌంటరు మీద చెక్క ట్రేలో ఫారాల దొంతర ఉంది, ఇది అన్నిటికన్నా అడుగున ఉంది. ఎందుకని రంగమ్మ అడిగింది.

"చావు తంతులు ముందు పోవాల, అవ్వా. రూలు. రెండు దినాలు లైను లేదు కదా, ఎండకు ముసలోళ్ళు చాలామంది పోయినారు. అవన్నీ అయినాక నీది."

"నా చెల్లెలు ఎల్లుండి పోతా ఉంది, నాయనా."

"బతికుండే వాళ్ళు పోయేది వరసలోనే," అన్నాడు ఆంజనేయన్. జాలిగానే అన్నాడు. రూలు అతను రాసింది కాదు.

రంగమ్మ బెంచీ మీద కూర్చుంది. వచ్చినవాళ్ళు వచ్చినట్టు ఏడుస్తూ ఫారం ఇస్తున్నారు, అవి దొంతర పైన పడుతున్నాయి. ప్రతి చావుకు "వచ్చి పో" ఇంకొక కాగితం కిందికి దిగుతోంది. మధ్యాహ్నం దాకా చూసింది. శుక్రవారంలోగా ధర్మపురిలో చావులు ఆగుతాయన్న నమ్మకం ఆమెకు కలగలేదు.

అప్పుడామె ఎవరు చనిపోతే బాగుంటుందా అని ఆలోచించింది. పెనిమిటి ఎప్పుడో పోయాడు, మళ్ళీ పోతే నమ్మరు. పాలక్కోడులో పినతండ్రి కొడుకు ఒకడున్నాడు, అతని పెళ్ళానికి తెలిస్తే ఊరుకోదు. పొరుగింటివాళ్ళను చంపడం మర్యాద కాదు. ఎవరి అనుమతీ అడగనక్కరలేని మనిషి ఒక్కతే కనబడింది. పైగా ఆ మనిషి పోతే రెండు పనులు ఒకేసారి జరుగుతాయి. తంతి వరస దాటుతుంది, చెల్లెలు గడప దాటుతుంది.

లేచి కౌంటరు దగ్గరికి పోయింది.

"చావు తంతి రాయి, నాయనా."

"అయ్యో. ఎవురు పోయినారు?"

"రంగమ్మ."

"ఏ రంగమ్మ?"

"నేనే."

ఆంజనేయన్ ఆమెను చాలాసేపు చూశాడు. మూడు రోజులుగా చూస్తున్న మనిషే. లేచి అల్మారాలోనుంచి రూల్సు పుస్తకం తెచ్చాడు. దుమ్ము దులిపి అటూ ఇటూ తిప్పాడు. తంతిలో బూతులు ఉండకూడదని ఉంది. రాజద్రోహం ఉండకూడదని ఉంది. తంతి ఇచ్చే మనిషి ప్రాణంతో ఉండాలా వద్దా అన్నది ఎక్కడా లేదు. పుస్తకం మూసి, కింద వేలిముద్ర వెయ్యి అవ్వా, అన్నాడు. మూడు గంటలకు రంగమ్మ చనిపోయింది, వెంటనే బయలుదేరు, అని మీట కొట్టాడు. ఒక్కసారికే పోయింది. స్క్రూ కూడా తిప్పనక్కరలేదు.

రేపు పొద్దునకల్లా అంది తీరుతుందని ఆంజనేయన్ చెప్పాడు. రంగమ్మ సంతోషంగా ఇంటికి వచ్చి మినపప్పు నానబోసింది. దేనికి? వడలకు. చెల్లెలు చావుకు వస్తే, బతికున్న అక్క వడలు పెడుతుంది. లెక్క సరిపోతుంది.

పొద్దు వాలాక పప్పు రుబ్బుతూ, రేపు జరగబోయేది మనసులో ఒకటొకటిగా చూసుకుంది. ప్యూను సైకిలు దిగుతాడు. పంచవర్ణం కొప్పు విప్పుతుంది. అక్కడ పొత్రం ఆగింది. వాళ్ళ అమ్మ పోయిన రోజున పంచవర్ణం ఏడవలేదు, బావికేసి పరుగెత్తింది. నలుగురు మగవాళ్ళు పట్టుకోవలసి వచ్చింది. ఈ సంగతి రంగమ్మకు అంతవరకు గుర్తే రాలేదు. మారండహళ్ళి ఇంటి పెరట్లోనూ బావి ఉంది.

ఆఫీసు మూసేసి ఉంది. చివరి బస్సు పోయింది. ఇంకా పోని తంతిని వెనక్కి తీసుకోవచ్చు. పోయిన తంతిని ఎవరు పట్టుకుంటారు? చేరే తంతి చెడ్డదని నేను ఎందుకన్నానో ఇప్పటికైనా అర్థమయిందా?

గురువారం మొదటి బస్సుకు రంగమ్మ బస్టాండులో ఉంది. చేతిలో పిండి గిన్నె ఉంది, బట్టతో మూతి కట్టి. రుబ్బిన పిండిని పులిసిపోనివ్వడం ఆమెకు చేతకాదు. కిటికీ పక్కన కూర్చుని దారి పొడుగునా తంతి స్తంభాలనే చూసింది. తన చావు ఆ తీగ మీద ముందు పోతోంది, తాను బస్సులో దాని వెనకాల పోతోంది. బస్సు ఎక్కడ ఆగినా తీగ మాత్రం ఆగడం లేదు. పాలక్కోడులో డ్రైవరు టీ తాగడానికి దిగితే, ఇంటికి పోయి తాగు నాయనా అంది.

మూడు రోజులుగా తంతి పోదని తెలిసి కూడా ఎక్కని బస్సును, తంతి పోతుందనగానే ఎక్కింది. ఈ వాక్యాన్ని మీరు తొందరగా దాటిపోయినా నేనేమీ అనుకోను.

సంత పక్క సందులో ఏడుపు వినిపించలేదు. రెండు మునగచెట్లు ఉన్నాయి. కుక్క అరిచింది, కరవలేదు. పంచవర్ణం అరుగు మీద కూర్చుని పరుపు చుట్టకు తాడు కడుతోంది. రంగమ్మ గడప దాకా పోయి, గుర్తొచ్చి, రెండడుగులు వెనక్కి వేసి వీధిలో నిలబడింది. పంచవర్ణం తల ఎత్తింది, మళ్ళీ తాడు వైపు చూసింది.

"ఎవురు కావాల?"

"ఎవురూ అక్కర్లేదు. ఒక మాట చెప్పి పోదామని వచ్చినా. ఈ పొద్దు నీకు తంతి వస్తాది. ఏడవొద్దు. పెరటి వైపు పోవద్దు."

"ఎవురు పోయినారు?"

"నేనే."

పంచవర్ణం ముడి బిగించింది. "ఎప్పుడు?"

"నిన్న మధ్యాన్నం. మూడు గంటలకు."

"ఏమయి?"

"అది రాయలేదు. మాటలు ఎక్కువయితే పోదంట."

పంచవర్ణం లేచి, చేతులు దులుపుకుని, గడప లోపల నిలబడింది.

"అట్లయితే లోపలికి రా. వీధిలో పీనుగు ఉంటే ఎవురూ పొయ్యి ముట్టించకూడదు. నీవల్ల సందంతా పస్తుండాలా?"

"నీ గడప తొక్కనని చెప్పినా కదా."

"చచ్చినదానికి ఏం గడప? రా."

రంగమ్మ గడప దాటింది. పంచవర్ణం ఆమె చేతిలోని గిన్నె చూసింది.

"ఏముండాది దాన్లో?"

"వడల పిండి."

"పదకొండేండ్లా నానబెట్టినావు?"

సామాను కట్టేయడం వల్ల బాణలి మూటలో ఉంది. మూట విప్పారు. వడలు వేశారు. మొదటి వాయి పంచవర్ణం ఆకులో పడింది, రెండో వాయి కూడా ఆమె ఆకులోనే పడింది. చాలు అక్కా అనేదాకా రంగమ్మ ఆపలేదు. కన్నప్పన్‌కు విషయం ఏమిటో తెలియలేదు. పెద్దమ్మ చనిపోయిందట, అందుకే వచ్చిందట, అని వాళ్ళమ్మ చెప్పింది.

ఆ రోజంతా ఇద్దరూ అరుగు మీద కూర్చుని తంతి కోసం ఎదురు చూశారు. తంతి ఇంట్లోకి వస్తే కన్నప్పన్ పెళ్ళాం కొప్పు విప్పుతుంది, ప్రయాణం ముందు ఏడుపు మంచిది కాదు. అందుకే వీధిలోనే అందుకోవాలనుకున్నారు. తంతి రాలేదు. దారిలో ఎక్కడ పడుకుందో ఏమో. సాయంత్రం వరకు కూర్చున్నారు, మాటలు మాత్రం అయిపోలేదు. కంచు చెంబు సంగతి పంచవర్ణమే ఎత్తింది. అది మూటలోనుంచి బయటికి వచ్చి రంగమ్మ ఒళ్ళోకి చేరింది. ఆ చెంబు లేని తంతి కోసం రెండు రోజులు కష్టపడ్డ ఆంజనేయన్‌కు ఈ మాట చెబితే ఏమంటాడో.

చూశారా మరి! తంతి వేళకు చేరి ఉంటే ఆ రోజు దక్కేదా? ఏడ్చి, కోప్పడి, తిట్టుకుని, తలంటుకుని, పొద్దు గడిచిపోయేది. చేరని తంతి ఇద్దరు ముసలివాళ్ళకు ఒక పగలు ఇచ్చింది. ఏ సర్కారు ఇచ్చింది అంత?

శుక్రవారం పది గంటలకు హోసూరు బస్సు వేళకే వచ్చింది. మంచివాళ్ళు ఎక్కవలసిన బస్సులు ఎప్పుడూ వేళకే వస్తాయి, ఆ సంగతి ఇంకెప్పుడైనా మాట్లాడదాం. రంగమ్మ ఏడవలేదు. పంచవర్ణమూ ఏడవలేదు. కిటికీలోనుంచి తల బయటికి పెట్టి ఒక్క మాట అంది.

"తంతి వస్తే నువ్వే తీసుకో, అక్కా. నాకు వద్దు."

రంగమ్మ ధర్మపురి బస్సు పన్నెండుకు. అంతదాకా ఎక్కడ కూర్చుంటుంది? తాళం వేసిన ఇంటి అరుగు మీదనే వచ్చి కూర్చుంది, ఒళ్ళో చెంబుతో. కుక్క వచ్చి పక్కన పడుకుంది. పదింపావుకు ప్యూను సైకిలు దిగాడు.

పంచవర్ణం ఎక్కడ అని అడిగాడు. ఇప్పుడే పోయింది అని రంగమ్మ చెప్పింది. నువ్వు ఎవరు అంటే, దాని అక్కను అంది. ప్యూను గొంతు తగ్గించాడు. చావు తంతి, అవ్వా. ధర్మపురిలో రంగమ్మ అని ఒకామె పోయిందంట.

"అవును నాయనా. పోయింది."

"దగ్గర మనిషా?"

"దగ్గరే."

అతను కాగితం చాచాడు. రంగమ్మ వేలిముద్ర వేసి తన చావును తీసుకుంది. తరువాత, తంతి వచ్చింది కాబట్టి, ఆచారం ప్రకారం కొప్పు విప్పింది. బస్టాండులో రాని ఏడుపు అంతా అప్పుడు వచ్చింది. ఎదురింటి ఆడవాళ్ళు, పక్కింటి ఆడవాళ్ళు వచ్చి, ఎవరికోసమని అడగకుండా పక్కన కూర్చుని ఏడ్చారు. పన్నెండు గంటల బస్సు వచ్చేదాకా ఏడ్చారు. ప్యూను సైకిలు ఎక్కకుండా కొంతసేపు తల దించుకుని నిలబడ్డాడట.

కాబట్టి నా సిద్ధాంతం ఋజువయింది. పోని తంతి మంచిది, ఆలస్యమైన తంతి అంతకన్నా మంచిది. లైన్‌మన్లు తుమ్మకొమ్మలను ముట్టుకోకూడదని నా విన్నపం.

మొన్న ఆంజనేయన్‌ను చూశాను. "వచ్చి పో" ఇంకా ట్రేలోనే ఉందట. రంగమ్మ వచ్చి, మారండహళ్ళి కొట్టేయించి హుబ్బళ్ళి రాయించి, వరసలోనే ఉండనీ నాయనా అని చెప్పి పోయిందట. పైనుంచి చావులు వచ్చి పడుతూనే ఉన్నాయి.

లైను మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. ఆ ట్రే మీద ఒక చిన్న సందేహం ఉంది, అంతే. అలాంటి ట్రే ఆ ఆఫీసులో ఒక్కటే ఉందనుకున్నాను. తీరా చూస్తే మా అందరి ఇళ్ళలోనూ ఉంది, మా ఇంట్లోదీ బాగా నిండి ఉంది. పలకరించాలంటే వరస, పంతం, పరువు. పాడె కట్టాలంటే మొదటి బస్సు. ఈ రూలు రాసింది ఎవరో నాకు తెలియదు, ఆయన కనబడితే ఒక్క మాట అడగాలని ఉంది. చచ్చినవాళ్ళకు ఏం తొందరండీ? వాళ్ళు ఎక్కడికీ పోరు. బతికున్నవాళ్ళకే శుక్రవారం పది గంటలకు బస్సు ఉంది.